గింజ వచ్చింది... విద్య రాలేదు

మిరప, మొక్కజొన్న, టమాటా మెక్సికోలో బయల్దేరి మన పొలాలకు, మన పొయ్యిల మీదకు చేరాయి. మొక్కజొన్నను వండుకు తినే పద్ధతి మాత్రం అక్కడి ఆడవాళ్ల చేతుల్లోనే ఉండిపోయింది. వహాకా లోయలో ఒక్కరోజు వంట క్లాసులో కూర్చుంటే ఆ పద్ధతి విలువ ఏమిటో తెలుస్తుంది.

వహాకాలో వంట నేర్చుకోవాలంటే ముందు సంతకెళ్లాలి. పొద్దున్న తొమ్మిదింటికల్లా మార్కెట్ దగ్గరికి రమ్మంటారు. తలా ఒక అల్లిక సంచి చేతికిస్తారు. ఏ కాయ నొక్కి చూడాలి, ఏది చిదిమి వాసన చూడాలి, ఎవరి దగ్గర బేరమాడకూడదు... అన్నీ పాఠంలో భాగమే. పొయ్యి దగ్గరికి చేరేసరికి పదకొండు దాటుతుంది. కొలిచి గిన్నెల్లో పోసిపెట్టిన సరుకుల ముందు ఏప్రాన్ కట్టుకుని నిలబడటమే వంట క్లాసు అనుకునేవాళ్లకు ఈ తిరుగుడు విసుగ్గా ఉండొచ్చు. నాకైతే ఆ రోజంతటిలో బాగా గుర్తుండిపోయిన భాగాల్లో అదొకటి.

మెక్సికో నగరానికి ఆగ్నేయంగా, కొండల నడుమ, సముద్రమట్టానికి పదిహేను వందల మీటర్లకు పైన ఉన్న పట్టణం వహాకా. అదే పేరున్న రాష్ట్రానికి రాజధాని. ఆ ఒక్క రాష్ట్రంలోనే 570 మునిసిపాలిటీలు, ప్రభుత్వం గుర్తించిన 16 మూలవాసీ జాతులు ఉన్నాయి. ఒక కొండ దిగి ఇంకో కొండ ఎక్కితే భాష మారిపోతుంది, కూరలో పడే ఆకు మారిపోతుంది. వహాకా చుట్టూ ఉన్న లోయల్లో రోజుకో ఊళ్లో సంత. బుధవారం ఎత్లా, గురువారం సాచిలా, శుక్రవారం ఒకోత్లాన్, ఆదివారం త్లకొలూలా. వారపు సంతల మీద బతికే పల్లెల నుంచి వచ్చినవాళ్లెవరికైనా ఈ లెక్క ఇట్టే అర్థమవుతుంది.

మా క్లాసు ఆదివారం పడింది కాబట్టి త్లకొలూలాలో కలిశాం. చెప్పేది లోయలోని ఓ పల్లెకు చెందిన, సపోటెక్ అనే మూలవాసీ జాతి పెద్దావిడ. అందరూ ఆవిడను ‘మాయెస్త్రా’ అంటారు. మన లెక్కలో పంతులమ్మగారు. ఇంట్లో మాట్లాడేది సపోటెక్, బయట స్పానిష్. మాకు అర్థమయ్యేలా ఇంగ్లిష్‌లో చెప్పే పని ఆవిడ మేనకోడలిది. మాతోపాటు డాలస్ నుంచి సెలవులకు వచ్చిన ఓ తెలుగు జంట కూడా ఉన్నారు. భార్యది ఖమ్మం దగ్గర పల్లె. ఆ అమ్మాయి ఉండటం వల్ల ఆ రోజు నాకు రెండింతలు పాఠం దొరికింది.

మిరపకాయల వరస

సంతలో మాయెస్త్రా ముందు ఆగింది ఎండుమిరపకాయల వరస దగ్గర. గుంటూరు మిర్చి యార్డు చూసిన కళ్లకు కూడా ఆ రంగులు కొత్తే. పొట్టిగా, పలకలు దేరి, నల్లగా ఉండేది చిల్వాక్లే. ముడతలు పడి ముదురు గోధుమరంగులో ఉండేవి ఆంచో, ములాతో. నున్నగా, ఎర్రగా, పొడుగ్గా ఉండేది గ్వహీయో. మిహే జాతివాళ్ల కొండల నుంచి వచ్చే పసియాను పొగలో ఎండబెడతారు. దాన్ని చేతిలోకి తీసుకుంటే చలికాలం పొద్దున కట్టెల పొయ్యి పక్కన నిలబడినంత పొగవాసన. పచ్చిగా ఉన్నప్పుడు పొబ్లానో అనే కాయ ఎండితే ఆంచో అవుతుంది. మిరసోల్ ఎండితే గ్వహీయో. ఎండటంతోనే కాయ వేరే సరుకు కింద లెక్క. పేరు వేరు, ధర వేరు, వాడకం వేరు.

మాయెస్త్రా ఒక్కో కాయనూ తొడిమ దగ్గర చించి మా ముక్కుల ముందు పెట్టారు. ఒకదాంట్లో ఎండుద్రాక్ష వాసన, ఒకదాంట్లో పొగాకు, ఇంకోదాంట్లో చాక్లెట్. కారం ఎంత అని మేము అడుగుతుంటే ఆవిడ ఒకటే మాట అన్నారు: “కారం ఏ కాయైనా ఇస్తుందమ్మా. ఇది ఏం ఇస్తుందో అది చూడండి.”

మన మిరపను సాగుకు తెచ్చిన నేల ఇదే. పదహారో శతాబ్దంలో పోర్చుగీసువాళ్ల ఓడల మీద మన తీరానికి చేరేవరకూ మన వంటలో ఘాటంటే మిరియం, పిప్పలే. ఆ తర్వాత మిరపను మన రైతు తన సొంతం చేసుకున్న తీరు లోకానికంతా తెలుసు. గుంటూరు సన్నంకు భౌగోళిక గుర్తింపు ఉంది. కారం తక్కువ, రంగు ఎక్కువ ఉండే వరంగల్ చపాటా మిర్చికీ ఆ గుర్తింపు దక్కింది. అయినా ఒక కూరలో అయిదు రకాల ఎండుమిర్చి వేసి, ఒక్కోదాన్నుంచి ఒక్కో రుచి రాబట్టే అలవాటు మన దగ్గర పెద్దగా పెరగలేదు. చపాటా లాంటి కాయలున్న మనం ఆ దారిలో ఇంకా చాలా దూరం వెళ్లొచ్చని నా నమ్మకం.

మిర్చి వరస దాటాక గంపల నిండా చపులీనెస్. అంటే వెల్లుల్లి, నిమ్మరసం, ఉప్పు పట్టించి వేయించిన మిడతలు. డాలస్ నుంచి వచ్చిన అబ్బాయి రెండడుగులు వెనక్కి వేశాడు. అతని భార్య మాత్రం, “తొలకరికి మా ఊళ్లో ఉసిళ్లు వేయించుకు తినేవాళ్లు, నాకేం కొత్త కాదు” అంటూ గుప్పెడు తీసుకుంది. కరకరలాడుతూ పుల్లగా, ఉప్పగా ఉన్నాయి.

ఎండ ముదిరాక మమ్మల్ని తెహాతే అమ్మే ఆవిడ దగ్గర కూర్చోబెట్టారు. కట్టెల బూడిదతో ఉడికించిన మొక్కజొన్న, వేయించిన కోకో గింజలు, మామే అనే పండు గింజ, ఒక చెట్టు ఎండుపూలు... వీటన్నిటినీ మెత్తగా నూరి, పెద్ద మట్టి బేసిన్‌లో ముద్ద చేసి, చన్నీళ్లు పోస్తూ మోచేతి దాకా చెయ్యి ముంచి గిలకొడతారు. కాసేపటికి పైన తెల్లటి నురగ మందంగా గడ్డకట్టినట్టు తేలుతుంది. రంగులద్దిన బుర్రకాయ చిప్పలో ముందు పానీయం పోసి, ఆ నురగను విడిగా తీసి పైన పెడతారు. పొలం పనికి వెళ్లే రైతుకు పూట గడిపే పానీయమిది. తీపి తక్కువ, కడుపు నిండుతుంది.

సున్నం చేసే పని

ఇంటికి చేరాక మాయెస్త్రా ముందుగా చూపించింది ఒక బకెట్టు. రాత్రి ఉడికించి వదిలేసిన మొక్కజొన్న గింజలు అందులో పచ్చటి జిగురు నీళ్లలో నానుతున్నాయి. చెయ్యి పెట్టి నలిపితే గింజ మీది పొట్టు జారిపోతుంది. వాసన మాత్రం మనకు బాగా తెలిసిందే. తడి సున్నం వాసన. వెల్ల వేసిన గోడది, తాంబూలంలోది.

పద్ధతి చెప్పడానికి తేలికే. కిలో ఎండు మొక్కజొన్నకు సుమారు పది గ్రాముల సున్నం. రెండు మూడు లీటర్ల నీళ్లలో కలిపి, గింజ పొట్టు ఊడొచ్చేవరకూ సన్నని సెగ మీద ఉడికించాలి. ముప్పావు గంట లోపే ఆ పదును వస్తుంది. అప్పుడు దించి రాత్రంతా అలాగే వదిలేయాలి. పొద్దున్నే కడిగితే నిష్తమాల్ తయారు. దాన్ని రుబ్బితే వచ్చే ముద్దే మాసా. టోర్టియా అనే పల్చటి రొట్టె అయినా, ఆకులో చుట్టి ఉడికించే తమాలే అయినా, కరకరలాడే పెద్ద రొట్టె త్లయూదా అయినా మొదలు అదే. మధ్య అమెరికా ప్రజలు మూడు వేల ఏళ్లకు పైగా చేస్తున్న పని ఇది.

ఆ సున్నం ఏం చేస్తుందో చూపించడానికి మాయెస్త్రా ఒక చిన్న ప్రయోగం పెట్టారు. మామూలు మొక్కజొన్న పిండిలో నీళ్లు పోసి ఒక ఉండ, మాసాతో ఇంకో ఉండ చేయించారు. మొదటిది అరచేతిలో నొక్కగానే అంచుల వెంబడి బీటలు తీసి విరిగిపోయింది. రెండోది పల్చగా, గుండ్రంగా సాగింది. గింజ పైపొరలోని పదార్థాన్ని సున్నం కరిగించి జిగురులా మారుస్తుంది. ఆ జిగురే ముద్దను పట్టి ఉంచుతుంది.

ఖమ్మం అమ్మాయి ఇక్కడ ఆగిపోయింది. “జొన్నపిండికి మేం వేడినీళ్లు పోస్తాం కదా, లేకపోతే రొట్టె విరిగిపోతుంది” అంది. మేనకోడలు ఆ మాటను మాయెస్త్రాకు చెప్పింది. ఆవిడ కళ్లు మెరిశాయి. వేడినీళ్లకు జొన్నలోని పిండిపదార్థం ఉడికీ ఉడకనట్టయి జిగురు పడుతుంది. ఇక్కడ ఆ పని సున్నం చేస్తోంది. గ్లూటెన్ లేని గింజను రొట్టెగా మార్చడమెలా అన్న చిక్కుకు రెండు నేలల ఆడవాళ్లు రెండు దారులు కనిపెట్టారు. ఆ తర్వాత మాయెస్త్రా ఆ అమ్మాయిని పొయ్యి దగ్గర కూర్చోబెట్టి, టోర్టియా ప్రెస్ పక్కకు తీసేసి, “చేత్తోనే చెయ్యమ్మా” అన్నారు. జొన్నరొట్టె తట్టిన చేతులు కదా, మూడో టోర్టియాకే ఆవిడ మెచ్చుకునేంత గుండ్రంగా వచ్చింది.

కాల్చేది మట్టి పెనం మీద. కోమాల్ అంటారు. దానికి ముందు సున్నపు నీళ్ల పూత వేస్తారు, పిండి అంటుకోకుండా. వేసిన కాసేపటికి ఒకసారి తిప్పాలి, కాస్త ఆగి మళ్లీ తిప్పాలి. రెండోసారి తిప్పాక వేళ్ల కొసలతో మెల్లిగా నొక్కితే టోర్టియా బుడగలా పొంగుతుంది. పొంగిన టోర్టియా చేసిన పిల్లకు పెళ్లీడు వచ్చినట్టేనని అక్కడ సరదాగా అంటారట.

ఈ సున్నం కథ వంటతో ఆగదు. మొక్కజొన్నలో నయాసిన్ అనే విటమిన్ ఉంటుంది కానీ మన ఒంటికి అందని రూపంలో బందీగా ఉంటుంది. సున్నం ఆ కట్టు విప్పుతుంది. పైగా కాల్షియం చేరుస్తుంది. కొలంబస్ తర్వాత మొక్కజొన్న గింజ ఓడలెక్కి యూరప్ చేరింది. అది పండించడం తేలిక, పంట ఎక్కువ. పేదల గింజ అయిపోయింది. అయితే గింజను తీసుకెళ్లినవాళ్లు సున్నాన్ని పట్టించుకోలేదు. మూలవాసీ ఆడవాళ్ల వంటింటి పని విద్య అని వాళ్లకు తోచలేదు. ఫలితం భయంకరం. 1735లో స్పెయిన్‌లో గాస్పార్ కసాల్ అనే వైద్యుడు ఒక కొత్త జబ్బును వర్ణించాడు. ఎండ తగిలిన చోటల్లా చర్మం నల్లబడి పొలుసులు లేస్తుంది, విరేచనాలు, మతి చలించడం, చివరికి చావు. అదే పెల్లాగ్రా. ఉత్తర ఇటలీలో మొక్కజొన్న సంకటి తప్ప ఇంకేమీ దొరకని కూలీలను అది తరాల పాటు పీడించింది. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో అమెరికా దక్షిణాది రాష్ట్రాల్లో సుమారు లక్షమందిని బలి తీసుకుంది. ఇది అంటువ్యాధి కాదు, తిండిలోని లోపమని అమెరికా వైద్యుడు జోసెఫ్ గోల్డ్‌బర్గర్ 1914 నుంచి ఏళ్ల తరబడి పోరాడి చూపించాడు. విరుగుడు నయాసిన్ అని 1937లో శాస్త్రవేత్త కాన్రాడ్ ఎల్వెహ్యెమ్ తేల్చాడు. ఆ విరుగుడు ప్రతి రాత్రీ వహాకా ఇళ్లలో బకెట్లలో నానుతూనే ఉంది.

తెలుగు నేలకూ ఈ కథలో ఒక అధ్యాయం ఉంది. మొక్కజొన్న తినని దక్కన్ పల్లెల్లో, జొన్న తప్ప వేరే గింజ చూడని పేద ఇళ్లలో ఇదే పెల్లాగ్రా కనిపించింది. హైదరాబాద్‌లోని పోషకాహార పరిశోధనశాలలో డాక్టర్ సి. గోపాలన్, ఎస్.జి. శ్రీకంఠయ్య దాని మీద పనిచేశారు. జొన్నలో ఎక్కువగా ఉండే లూసీన్ అనే అమైనో ఆమ్లం నయాసిన్‌కు అడ్డుపడుతోందన్న వాదనను 1960లో ‘లాన్సెట్’ పత్రికలో వెల్లడించారు. ఆ పరిశోధనశాలే నేటి జాతీయ పోషకాహార సంస్థ. ఉస్మానియా యూనివర్సిటీ పక్కనుంచి రోజూ వెళ్లే ఎంతమందికి ఈ సంగతి తెలుసు?

ఇవాళ తెలుగు రాష్ట్రాల్లో మొక్కజొన్న విస్తారంగా పండుతోంది. చాలావరకు కోళ్ల దాణాకు, పిండిపదార్థపు ఫ్యాక్టరీలకు పోతుంది. మనకు మిగిలేది వానాకాలం బండి మీద కాల్చిన పొత్తు. అన్నం, జొన్న, రాగి ఉన్న మనకు దానితో పని లేకపోయి ఉండొచ్చు. అయినా నాలుగు వందల ఏళ్ల పాటు గింజను మాత్రమే చూసి, దానితోపాటు రావలసిన విద్యను ఖండాలకు ఖండాలు వదిలేశాయన్న ఆలోచన ఆ పెరట్లో నన్ను వదల్లేదు.

మాడ్చడమూ వంటే

వహాకాను ఏడు మోలేల నేల అంటారు. నల్లది, ఎర్రది, కొలొరదీతో, పసుపుది, ఆకుపచ్చది, చిచీలో, మంచమంతెలెస్. మోలే అంటే మిర్చి, గింజలు, మసాలాలు నూరి కాచిన చిక్కటి పులుసు. అందులో నల్లమోలే పెద్దది. పెళ్లి, బాప్తిజం, చనిపోయినవాళ్ల పండుగ... అది లేకుండా జరగవు. ఆ రోజు మేము చేసింది అదే.

మిరపకాయల తొడిమలు, గింజలు, లోపలి ఈనెలు తీశాం. తోళ్లను నూనెలో వేయించాం. తీసిన గింజలను మాయెస్త్రా పారేయనివ్వలేదు. పెరట్లో దూరంగా, గాలివాటం చూసి, పెనం మీద పోసి వేయించడం మొదలుపెట్టారు. నల్లబడ్డాయి. ఇంకా వేయించారు. నిప్పంటుకుంది. ఆ ఘాటుకు మేమంతా ముఖాలకు గుడ్డలు అడ్డం పెట్టుకుని కళ్లు తుడుచుకుంటుంటే ఆవిడ కదలకుండా నిలబడి బొగ్గు అయ్యేదాకా చూశారు. ఆ బొగ్గును నీళ్లలో వేసి, నీళ్లు మార్చి మార్చి కడిగి చేదు తీసేశారు. ఒక టోర్టియాను కూడా అలాగే నల్లగా మాడ్చారు. నల్లమోలేకు నలుపు వచ్చేది దీంతోనే. మాడిందంటే పాడైందని నేర్చుకున్న నా చేతికి ఇది అన్నిటికన్నా కష్టమైన పాఠం. ఎంత మాడ్చాలి, ఎప్పుడు ఆపాలి అన్నదానికి గడియారం లేదు. పొగ రంగు చూసే చెప్పాలి.

తర్వాత టమాటా, ఆకుపచ్చ టొమాటియో, ఉల్లి, వెల్లుల్లి పెనం మీద మచ్చలు పడేదాకా కాల్చాం. బాదం, వేరుశనగ, నువ్వులు, ఎండుద్రాక్ష, ముగ్గిన అరటి ముక్కలు, గుడ్డు కలిపి చేసే అక్కడి బ్రెడ్డు... ఒక్కోటి విడివిడిగా వేయించాలి. దేని వేడి దానిది. దాల్చినచెక్క, లవంగం, మిరియం, ఒరెగానో, అవకాడో ఆకు. ఈ వరసలో నువ్వుల గిన్నె చూడగానే నాకు ఎక్కడలేని ఆనందం కలిగింది. నువ్వు మన ఉపఖండంలో సాగుకు వచ్చిన పంట. మిరియం మలబారు తీరానిది. దాల్చినచెక్క శ్రీలంకది, ఇప్పటికీ ఆ చెక్కను ఎక్కువగా కొనుక్కునే దేశం మెక్సికోనే. 1565 నుంచి 1815 వరకూ మనీలా నుంచి ఆకపుల్కోకు నడిచిన స్పానిష్ ఓడల్లో ఆసియా సరుకులు ఈ తీరం చేరుతూనే ఉన్నాయి. మన తిండి వాళ్ల పండుగ వంటలోకి వెళ్లింది, వాళ్ల మిరప మన ఆవకాయలోకి వచ్చింది.

వాళ్లు కాస్త తెలివిగా తీసుకున్నారనిపిస్తుంది. నువ్వులను ఎలా వేయించాలో, మిరియాన్ని ఎంత వేయాలో తమ పద్ధతిలో ఇముడ్చుకుని, తమ ముఖ్యమైన వంట మధ్యలో కూర్చోబెట్టారు.

వేయించినవన్నీ నూరాక, ఆ ముద్దను పెద్ద మట్టి కుండలో పందికొవ్వులో వేసి కలియబెడుతూ ఉడికించాం. చుట్టూ కొవ్వు తేలేదాకా ఆగకూడదు. తర్వాత టర్కీ కోడి ఉడికించిన రసం, చివర్లో చాక్లెట్ బిళ్ల. గరిటె వెనక వేలితో గీస్తే ఆ గీత కలిసిపోకుండా నిలవాలి. రుచి? ముందు తీపి నీడ, వెంటనే పొగ, గింజల కమ్మదనం, ఆఖర్న గొంతులో నిదానంగా దిగే కారం. ఏ ఒక్కటీ ముందుకు తోసుకు రాదు. మెక్సికన్ తిండి అంటే చీజ్ పోసిన చిప్స్ అనుకుని ఇన్నేళ్లు గడిపినవాళ్లకు ఈ గిన్నె ఒక్కటి చాలు.

మోకాళ్ల మీద

నూరడానికి మెతాతే దగ్గర మాకు తలా కొంచెం సేపు అవకాశం ఇచ్చారు. మూడు కాళ్ల మీద వాలుగా నిలబడే నల్లరాతి సన్నికల్లు అది, పైన రెండు చేతులతో తోసే పొత్రం. మోకాళ్ల మీద కూర్చుని నడుము వంచి తోయాలి. చాక్లెట్ నూరేటప్పుడు రాతి కింద నిప్పులు పెడతారు. కోకో మెత్తబడి, చూస్తుండగానే పొడి కాస్తా మెరిసే ముద్దయి రాతి అంచు నుంచి కిందికి జారుతుంది. చూడటానికి అంత అందమైన పని ఇంకోటి లేదు. చేసేవాళ్లకు పది నిమిషాల్లో భుజాలు పట్టేస్తాయి.

మెతాతే మీద నూరిన మాసా రుచే వేరని ఎవరో అంటే మాయెస్త్రా వెంటనే అడ్డుకున్నారు. “మా అమ్మ తెల్లవారుజామున మూడింటికి లేచి నూరేది. ఇంటిల్లిపాదికీ సరిపడా నూరేసరికి పొద్దెక్కేది. ఊళ్లోకి మర వచ్చిన రోజు మా అమ్మ ఏడ్చింది, సంతోషంతో.” ఆ మాటలోని సత్యం చాలా పెద్దది. మరలు రాకముందు మెక్సికో పల్లె ఆడది రోజుకు నాలుగైదు గంటలు ఆ రాతి ముందు మోకాళ్ల మీద గడిపేది. ఇప్పుడు పొద్దున్నే బకెట్టు నెత్తిన పెట్టుకుని వీధి చివరి మరకు వెళ్తారు, పది నిమిషాల్లో ముద్దతో తిరిగొస్తారు. మోలేలోని ముఖ్యమైన మసాలాలకు, పండుగ చాక్లెట్‌కు మాత్రం మెతాతే ఉంటుంది. పాత వంట గొప్పదనం గురించి రాసేవాళ్లంతా ఆ మోకాళ్లను కూడా తలుచుకోవాలి. సంప్రదాయాన్ని కాపాడటమంటే ఆ కష్టాన్ని తిరిగి తెచ్చి ఆడవాళ్ల నెత్తిన పెట్టడం కాదు. సున్నం పెట్టడం మానకుండా, రుబ్బే పని మరకు అప్పగించిన ఈ ఇళ్లు సరైన దారిలో ఉన్నాయి.

ఈ విద్యకు బయటి గుర్తింపు ఆలస్యంగా వచ్చింది. బ్రిటన్‌లో పుట్టి మెక్సికోలో స్థిరపడిన డయానా కెన్నెడీ దశాబ్దాల పాటు ఊరూరా తిరిగి పల్లె వంటలను రాసిపెట్టింది. 1972లో తొలి పుస్తకం, 2010లో వహాకా వంటల మీద భారీ గ్రంథం. ఏ వంట ఎవరి దగ్గర నేర్చుకుందో వాళ్ల పేరుతో సహా చెప్పే అలవాటు ఆవిడది. 2022లో తొంభై తొమ్మిదేళ్ల వయసులో కన్నుమూసింది. తియోతిత్లాన్ దెల్ వాయే పల్లెలో అబిగైల్ మెండోసా లాంటి సపోటెక్ వంటగత్తెలు తమ ఊరిని వదలకుండానే ప్రపంచాన్ని తమ పొయ్యి దగ్గరికి రప్పించుకున్నారు. 2010లో యునెస్కో సంప్రదాయ మెక్సికన్ వంటను మానవజాతి అవ్యక్త సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చింది. అందులో యునెస్కో చూసింది ఒక్క వంటకాన్ని కాదు. పొలం, విత్తనం, సున్నం, రాయి, పండుగ, కలిసి తినడం... ఈ గొలుసు మొత్తాన్నీ.

ఆ గొలుసుకు బెంగ లేకపోలేదు. మెక్సికోలో 59 స్థానిక మొక్కజొన్న జాతులున్నాయి. సగానికి పైగా వహాకాలోనే కనిపిస్తాయి. ఎరుపు, నీలం, నలుపు, పసుపు, తెలుపు. మరోవైపు ఫ్యాక్టరీ పొడిపిండి వచ్చేసింది. అమెరికాతో 1994లో అమల్లోకి వచ్చిన వాణిజ్య ఒప్పందం తర్వాత అక్కడి మొక్కజొన్న వెల్లువెత్తింది. చిన్న రైతుకు తన విత్తనం తనకే బరువైంది. మొక్కజొన్న లేకపోతే దేశమే లేదన్న నినాదంతో జనం వీధుల్లోకి వచ్చారు. 2025 మార్చిలో జన్యుమార్పిడి మొక్కజొన్న సాగును రాజ్యాంగ సవరణతోనే నిషేధించారు. చట్టం విత్తనాన్ని కాపాడగలదు. ఆ విత్తనాన్ని మంచి ధరకు కొనేది ఇలా బకెట్లో నానబెట్టే ఇల్లే. మాయెస్త్రా వాడే నీలి మొక్కజొన్న ఆవిడ అన్నగారి పొలానిది. మేము కట్టిన డబ్బులో ఎంతో కొంత ఆ పొలానికి చేరుతుంది. అందుకే ఇలాంటి క్లాసును కాలక్షేపం కింద చూడలేను.

వెళ్లాలనుకునేవారికి

మెక్సికో నగరం నుంచి వహాకాకు విమానంలో గంట ప్రయాణం. బస్సులో ఆరేడు గంటలు. చెల్లుబాటయ్యే అమెరికా వీసా ఉన్న భారతీయులను వేరే వీసా లేకుండా పర్యాటకులుగా రానివ్వడం చాలాకాలంగా ఉన్న నిబంధన. అయినా టికెట్టు కొనే ముందు కాన్సులేట్‌లో సరిచూసుకోవడం మంచిది. అమెరికాలో ఉన్న తెలుగువాళ్లకు ఇది దగ్గరి దారే. జులైలో గెలగెత్సా ఉత్సవం, నవంబరు మొదట్లో మృతుల పండుగ. ఆ రోజుల్లో అందం ఎంతో, రద్దీ అంత. తీరిగ్గా నేర్చుకోవాలంటే వేరే నెలలు చూసుకోండి.

శాకాహారులు వెనకాడక్కర్లేదు. చిక్కుడు గింజలు, గుమ్మడి పువ్వు, నోపాల్ అనే నాగజెముడు, రోటి పచ్చళ్లకు చుట్టమయ్యే సల్సాలు... అక్కడి రోజువారీ తిండిలో చాలాభాగం మొక్కల నుంచే. కాకపోతే చిక్కుడులోనూ పందికొవ్వు, అన్నంలోనూ కోడి రసం ఉండే అవకాశం ఎక్కువ. “మాంసం తినను” అంటే సరిపోదు. కొవ్వు వద్దు, రసం వద్దు అని ముందే, క్లాసు ఖాయం చేసుకునేటప్పుడే చెప్పాలి. కొవ్వుకు మాంతేకా, రసానికి కాల్దో. చెబితే నూనెతో, కూరగాయల రసంతో మోలే చేసిపెడతారు.

నగరంలో హంగుగా నడిచే వంట బడులున్నాయి, బాగానే నేర్పుతాయి. చుట్టుపక్కల పల్లెల్లో ఇళ్లలో జరిగేవీ ఉన్నాయి. వీలైతే రెండోవాటికే వెళ్లండి. వంట చేసే మనిషే క్లాసుకు యజమాని అయితే మరీ మంచిది. బేరం ఆడకండి. సంతలో ఫొటో తీసే ముందు అడగండి. డబ్బు కట్టే ముందు మాత్రం ఒక్క ప్రశ్న తప్పకుండా వేయండి: మొక్కజొన్నకు ముందురోజు రాత్రి మీరే సున్నం పెడతారా, పొడిపిండి వాడతారా? మేమే పెడతాం అన్నవాళ్ల దగ్గర చేరండి. వీలుంటే ముందురోజు సాయంత్రమే వచ్చి గింజ ఉడికించడం కూడా చూస్తామని అడగండి. చాలామంది సంతోషంగా రమ్మంటారు.